కూర్పరి చేయి: సెసిల్ దెక్యూజీ

మన తెలుగు చలనచిత్రాల మొదట వచ్చే పేర్ల పట్టికలో 'కూర్పు' అనే మాట ఒకటి కనిపిస్తుంది. సంగీతము, ఛాయాగ్రహణము, కళ అనే మాటల నడుమ అది వచ్చి రెండు క్షణాలు నిలిచి పోతుంది. ప్రేక్షకుడు అప్పటికింకా చీకటిలో తన కుర్చీని వెదకుకొంటూనే ఉంటాడు. ఈ పనికి ఆంగ్లేయులు 'కోత' అని పేరు పెట్టినారు. ఫ్రెంచివారు 'మోంతాజ్' అన్నారు. విడి భాగాలను ఎక్కించి బిగించుట అని దాని అర్థము, యంత్రశాలలో కూడ ఆ మాట ఆ అర్థముననే వాడుకలో ఉన్నది. మనవారు మాత్రము కూర్పు అన్నారు. మూడింటిలోను మనదే మేలైన మాటయని నా అభిప్రాయము. దండను కూర్చేవాడును, పద్యమును కూర్చేవాడును ఇద్దరూ ఆ మాటలో ఇమిడి ఉన్నారు. ఐతే మంచి మాట ఉన్నంత మాత్రమున మంచి గౌరవము ఉన్నదని చెప్పలేము. కూర్పరి పేరు జ్ఞాపకముంచుకొన్న ప్రేక్షకుని నేనింతవరకు చూడలేదు. విమర్శకులలో కూడ చాల తక్కువమందిని చూచినాను.

1960 మార్చిలో పారిస్ నగరమున విడుదలయిన ఒక చిత్రములో ఆ రెండు క్షణాలు కూడ లేవు. జాన్ లూక్ గొదార్ తీసిన 'అ బూ ద సూఫ్ల్' - 'ఊపిరాడక' అని చెప్పుకొందాము - తెరమీద పేర్ల పట్టిక లేకుండ మొదలవుతుంది. అమెరికాలో చౌక చిత్రాలు తీసిన మోనోగ్రాం అనే సంస్థకు ఒక అంకితవాక్యము, చిత్రము పేరు, అంతే. తరువాత కథ. దర్శకుని పేరు లేదు, నటుల పేర్లు లేవు. ఐనను దర్శకుని పేరు లోకమంతా ఎరిగినది. నటులు జాన్ పాల్ బెల్మొందో, జీన్ సీబర్గ్‌ల ముఖాలే వారి పేర్లయినవి. ఛాయాగ్రాహకుడు రవూల్ కుతార్ పేరు గూడ ఆ వృత్తిలోని వారికి కంఠపాఠమయినది. ఆ చిత్రము దేనివలన ప్రసిద్ధికెక్కినదో ఆ పని, అనగా ఫిల్మును ముక్కలుచేసి మరల అతికిన పని, చేసిన చేయి సెసిల్ దెక్యూజీ అనే ముప్పది ఏండ్ల స్త్రీది. పట్టిక లేనందున నష్టపోయినది ఆమె ఒక్కతె అని చెప్పవచ్చును.

ఆమె 1930లో మార్సేయి నగరమున పుట్టి 2017లో మరణించినది. 'ఊపిరాడక' కథ మార్సేయి పాత రేవు దగ్గర ఒక కారు దొంగతనముతోనే మొదలవుతుందన్నది కేవలము యాదృచ్ఛికము. ఐనా చెప్పకుండ ఉండలేకపోయినాను. ఫ్రాన్సులో కూర్పుపని చాలవరకు స్త్రీల చేతిలో పెరిగినది. ఫిల్మును వరుసలు పేర్చుట, గుర్తులు వ్రాయుట, కత్తిరించుట, జిగురుతో అతుకుట, ఇవన్నీ కుట్టుపని వంటివని, ఓపికతో కూడిన సన్నని పని గనుక ఆడవారికి తగినదని స్టూడియోల యజమానులు తలచినారు. తలపు చులకనదే, ఫలితము మాత్రము ఘనమైనది. జాన్ రెన్వార్ చిత్రాలను మార్గరీత్ రెన్వార్ కూర్చినది. త్రూఫో మొదటి పెద్ద చిత్రము 'నాలుగు వందల దెబ్బలు' (1959) కూర్చినది మారీ జోజెఫ్ యొయోత్. గొదార్ 1960 తరువాత తీసిన చిత్రాలలో చాలవాటిని ఆన్యెస్ గీయెమో కూర్చినది. 'కొత్త కెరటము' అని మనము దర్శకుల పేర్లతో చెప్పుకొనే ఆ ఉద్యమమును కూర్పుబల్లల వైపునుండి చూస్తే అది స్త్రీల చరిత్ర.

దెక్యూజీ ఆ ఉద్యమములో తొలినాటినుండి ఉన్నది. త్రూఫో 1957లో తీసిన పొట్టి చిత్రము 'లే మిస్తోఁ'ను కూర్చినది ఆమెయే. గొదార్ తొలి పొట్టి చిత్రాలలో రెండింటిని కూర్చినది. అప్పటికి వీరిరువురూ పత్రికలో విమర్శలు వ్రాసే కుర్రవాళ్లు. స్టూడియో మెట్లెక్కినవారు కారు. పని నేర్చినవారు, నేర్వనివారు ఒక బల్ల దగ్గర కూర్చున్నపుడు నేర్చినవారి వినయము పరీక్షకు వస్తుంది. కూర్పులో తప్పు అని ఆమె నేర్చుకొన్నదానినే ఈ కుర్రవాళ్లు కోరినారు. ఆమె కాదనలేదు. ఆ కాదనకపోవుటనుండియే ఈ కథ నడిచినది.

'ఊపిరాడక' చిత్రీకరణ 1959లో జరిగినది. కుతార్ కెమెరాను చేతపట్టుకొని, వీధులలో, హోటలు గదులలో, ఉన్న వెలుతురులోనే తీసినాడు. శబ్దమును అప్పుడు పట్టలేదు; మాటలన్నీ తరువాత చేర్చినవే. ఈ సంగతి పైకి చిన్నది గాని కూర్పుకు ప్రాణము. మాట బొమ్మతో పెనవేసుకొని ఉన్నపుడు బొమ్మను ఎక్కడంటే అక్కడ కోయరాదు, మాట తెగుతుంది. మాట ఇంకా పుట్టనే లేదు గనుక ఇక్కడ బొమ్మను నడుమ కోయవచ్చును, తరువాత ఆ కోతలమీదుగా మాటను తెంపులేకుండ పరచవచ్చును. దెక్యూజీ చేతికి వచ్చినది అటువంటి ఫిల్ము.

అది చాల పొడుగయినది. గొదార్ తరువాతి కాలమున చెప్పిన కథ ఇది: ఒడంబడిక ప్రకారము చిత్రము తొంబది నిమిషాలు మించరాదు, కూర్చి చూస్తే సుమారు ఒక గంట ఎక్కువ ఉన్నది. ఇటువంటప్పుడు అనుభవజ్ఞులు కొన్ని ఘట్టాలనే తీసివేస్తారు. వారు అట్లు చేయలేదు. ఘట్టాలను ఉంచి, ఒక్కొక్క ఘట్టము లోపలినుండి ముక్కలు తీసివేసినారు. కారులో బెల్మొందో, సీబర్గ్ మాటలాడుకొనే ఘట్టమున ఇద్దరి బొమ్మలను కొంచెము కొంచెము తగ్గించుటకు మారుగా, నాణెమెగురవేసి, ఒకరి బొమ్మలను పూర్తిగా తీసివేయవలెనని నిశ్చయించినారట. నాణెము సీబర్గ్ వైపు పడినది.

ఆ ఘట్టము ఇప్పుడు ఎట్లున్నదో చూడండి. కారు పారిస్ వీధులలో పోతున్నది. కెమెరా వెనుక కూర్చుండి ఆ యువతి మెడను, పొట్టిగా కత్తిరించిన జుట్టును చూస్తున్నది. నడుపుతున్నవాడు కనబడడు, అతని గొంతు వినబడుతుంది. తాను ప్రేమించిన అమ్మాయి అందాలను ఒక్కటొక్కటే పేర్కొంటున్నాడు. ఒక్కొక్క మాటకు బొమ్మ ఉలిక్కిపడుతుంది. మెడ అక్కడే ఉన్నది, తల కొంచెము కదలినది, వెనుకనున్న వీధి మారిపోయినది, ఎండ నీడ అయినది. మాట మాత్రము ఆగలేదు.

మొదటిసారి ఈ ఘట్టము చూచినపుడు ప్రొజెక్టరు గదిలో రీలు తెగి అతికించినారేమోననుకొన్నాను. మన ఊళ్లలో, డేరా హాళ్లలో చిత్రాలు చూచి పెరిగినవారికి ఆ అనుమానము రాకపోదు; రీలు తెగుట మనకు అలవాటయిన సంగతి. హీరో నోరు తెరిచి పాట ఎత్తుకొనేలోపల ఒక ఎగురు ఎగిరి పల్లవి నడుమ తేలేవాడు. హాలంతా ఈలలు వేసేది. దెక్యూజీ చేసినది చూచేవారి కంటికి అదే. తేడా ఎక్కడున్నది? తెగిన రీలులో బొమ్మతో పాటు మాట కూడ ఎగురుతుంది. ఇక్కడ బొమ్మ ఎగురుతుంది, మాట నడుస్తుంది. ఒక ప్రవాహము తెగినది, ఇంకొకటి తెగలేదు. కన్ను కాలమును పోగొట్టుకొన్నది, చెవి పోగొట్టుకొనలేదు.

పద్యము వ్రాసేవారికి ఇది కొత్త సంగతి కాదు. సంస్కృత ఛందస్సులో యతి అంటే విరామము. అక్కడ పదము ఆగవలెను. తెలుగులో యతి అంటే అక్షరమైత్రి, పదము ఆగనక్కరలేదు. ఉత్పలమాలలో పదవ అక్షరము దగ్గర మొదటి అక్షరముతో మైత్రి కుదిరితే చాలును, వాక్యము దాని మీదుగా సాగిపోవచ్చును, పాదాంతమును గూడ దాటిపోవచ్చును. ఛందస్సు ఒకచోట గుర్తు పెడుతుంది, అర్థము మరొకచోట ఊపిరి తీసుకొంటుంది. ఆ రెంటి పొత్తు కుదరకుండుటలోనే మన పద్యానికి ఒక పరుగు ఉన్నది. గణము గణముకు మాట తెగే పద్యము చదివి విసుగుచెందినవారందరికి ఈ విషయము తెలిసినదే. కారు ఘట్టమున బొమ్మ కోతలు ఛందస్సు వంటివి, నాయకుని మాట వాక్యము వంటిది. చూచినవారు దీనిని నియమభంగమన్నారు, స్వేచ్ఛ అన్నారు. నాకు మాత్రము ఇది నియమము లేకపోవుటగా కాక ఇంకొక నియమముగా తోస్తున్నది.

నాణెము కథకు తిరిగి వస్తాను. ఇది ముచ్చటైన కథ. అందువలననే కొంచెము జాగ్రత్త అవసరము. నాణెము చెప్పగలిగినది ఎవరి బొమ్మ ఉండవలెననునది మాత్రమే. ఆ బొమ్మను ఏ అక్షరము మీద కోయవలెనో, తలను ఏ వంపులో విడిచి ఏ వంపులో మరల అందుకోవలెనో, రెండు కోతల నడుమ ఎన్ని చట్రాలు ఉంచితే చూపు నిలదొక్కుకొని మరల జారుతుందో, అది నాణెము చెప్పలేదు. క్షణమునకు ఇరువదినాలుగు చట్రాలు. రెండు చట్రాలు ఎక్కువైతే కోత మెత్తబడుతుంది, రెండు తక్కువైతే అది పొరపాటువలె కనబడుతుంది. ఇది బల్లముందు కూర్చొని, ముందుకు వెనుకకు త్రిప్పి, చేతితో నేర్చుకొనవలసిన కొలత. దర్శకుడు ప్రక్కనే కూర్చొని చెప్పియుండవచ్చును. అతడు చెప్పినంత మాత్రమున చేతికి కొలత రాదు.

ఐతే దీనినుండి ఎదుటి కొసకు పోయి, చిత్రమంతా కూర్పరిదే, దర్శకుడు కీర్తి దోచుకొన్నాడు అనుటకు నేను సిద్ధముగా లేను. ఈమధ్య అట్టి వాదాలు వినబడుతున్నవి. ఒక అన్యాయమును దిద్దుటకు ఇంకొక అతిశయోక్తి పనికిరాదు. గొదార్ 1956లోనే కూర్పును గూర్చి ఒక వ్యాసము వ్రాసినాడు. చిత్రము తీయుటకు ముందే అతని మనసు ఆ బల్లమీద ఉన్నది. తరువాత వేరు కూర్పరులతో తీసిన చిత్రాలలో కూడ అతని కోత అతని కోతవలెనే ఉన్నది. అందుచేత ఆలోచన అతనిదని ఒప్పుకొనవలెను. నేనడుగుచున్నది చిన్నమాట: ఆ ఆలోచన ఒక కొలతగా మారినపుడు అక్కడ ఎవరున్నారు అని.

ఇంకొక సంగతి కూడ విమర్శకులు మరచిపోతున్నారు. 'ఊపిరాడక' అంతా ఎగిరే కోతలే అని ప్రసిద్ధి. కాదు. పోలీసును కాల్చే ఘట్టము తునాతునకలుగా ఉన్నది: టోపీ, తుపాకి, గొట్టము, కూలిపోయే మనిషి, తరువాత పొలములో దూరముగా పరుగెత్తే నాయకుడు, ఎవరెక్కడ నిలుచున్నారో తెలిసేలోపల హత్య అయిపోతుంది. దాని తరువాత కొంతసేపటికి హోటలు గదిలో ఇద్దరు యువజనులు సుమారు ఇరువది నిమిషాలకు పైగా ఏమీ చేయక మాటలాడుకొంటారు. చివరి వైపున ఒక ఇంటిలో వారిద్దరు తిరుగుతూ వాదించుకొనుట కోతలేని పొడుగు బొమ్మ. హత్యకు వ్యవధి లేదు, కబుర్లకు కావలసినంత వ్యవధి ఉన్నది. ఇది చిత్రములోని నీతియో అవినీతియో పాఠకులు నిర్ణయించుకొందురు గాక. దానిని చెప్పినది మాత్రము సంభాషణ కాదు, కొలత. ఇట్టి చిత్రమును కూర్చిన వారికి కోయుట ఒక్కటే తెలిసియుండదు, కోయకుండుట కూడ తెలిసియుండవలెను. ఈ రెండవ విద్యయే ఆమె తరువాతి జీవితమును నిలబెట్టినది.

ఆ తరువాతి జీవితమునకు ముందు చెరసాల ఉన్నది.

1954 నుండి 1962 వరకు ఫ్రాన్సు అల్జీరియాలో యుద్ధము చేసినది. యుద్ధమనే మాటను ప్రభుత్వము ఒప్పుకొనలేదు. శాంతిభద్రతల చర్య అన్నది. పరాయి పాలన క్రింద బ్రతికిన మనకు ఆ పలుకుబడి అపరిచితము కాదు. 1957లో దెక్యూజీ ట్యునీషియాకు పోయి, అక్కడ తలదాచుకొన్న అల్జీరియా కాందిశీకులను గూర్చి ఒక చిన్న చిత్రము తానే తీసినది. తరువాత అల్జీరియా విముక్తి సంఘము వారికోసము తన పేర ఒక ఇల్లు అద్దెకు తీసుకొన్నది. దానికి 1960లో ఆమెను పట్టుకొన్నారు. ఐదేండ్ల శిక్ష పడినది. రెండేండ్లు పారిస్‌లోని స్త్రీల కారాగారములో గడిపినది.

'ఊపిరాడక' ఊరంతా ఆడి లోకమంతా పోతున్న ఆ కాలమున దాని కూర్పరి కటకటాల వెనుక ఉన్నది. ఈ రెండు సంగతులను ప్రక్కప్రక్కన పెట్టి ఒక కోత కోస్తే కన్నీరు తెప్పించవచ్చును. నేను ఆ పని చేయదలచలేదు. ఆమె చేసినది తెలిసి చేసినది, ఫలితము ఎరిగి చేసినది. నా దృష్టి వేరొకదానిమీద ఉన్నది. ఆ చిత్రములోనే అమెరికా అధ్యక్షుడు ఐసెన్‌హోవర్ పారిస్ వచ్చినపుడు దగోల్‌తో కలిసి ఊరేగిన బొమ్మలు ఉండినవి. కథలోని మనుష్యులు ఆ జనసమ్మర్దములో తిరుగుతారు. సెన్సారువారు ఇద్దరు అధ్యక్షుల బొమ్మలను తీసివేయించినారు. గొదార్ తరువాత అల్జీరియా యుద్ధమును నేపథ్యముగా తీసిన 'చిన్న సిపాయి'ని 1963 వరకు వెలికి రానీయలేదు. ఒకే ఏడాది ఫ్రాన్సులో ఇన్ని కత్తెరలు ఆడినవి. అందులో ఒక కత్తెర పట్టిన స్త్రీకి మిగిలిన కత్తెరల సంగతి చక్కగా తెలిసియుండవలెను. ఏది తీసివేస్తే ఏది కనబడదో, తీసివేసినచోట అతుకు కనబడకుండ ఎట్లు చేస్తారో, అది ఆమె వృత్తి. ప్రభుత్వము అతుకు కనబడకుండ చేయదలచినదానిని ఆమె కనబడునట్లు చేయదలచినది. ఇది నా ఊహ; ఆమె ఇట్లు చెప్పినదని నేననుట లేదు.

ఆ ఏడాదియే త్రూఫో రెండవ చిత్రము 'పియానో వాద్యకారుని కాల్చండి' కూడ బయటకు వచ్చినది. దాని కూర్పులో దెక్యూజీ పేరుతో పాటు క్లోదీన్ బూషే పేరు ఉన్నది. బూషే తరువాత త్రూఫోకు 'జూల్, జీమ్' (1962) కూర్చినది. త్రూఫో 1960 సెప్టెంబరులో నూట ఇరువదియొక్కమంది ప్రకటనమీద సంతకము చేసినవారిలో ఒకడు. అల్జీరియామీదికి ఆయుధమెత్తుటకు నిరాకరించే హక్కును సమర్థించిన ప్రకటన అది. రాజకీయాలకు దూరముగా ఉండేవాడని పేరుపొందిన మనిషి. ఇంతకంటె ఇక్కడ చెప్పవలసినది లేదు.

విడుదలయిన తరువాత కొన్నేండ్లకు దెక్యూజీ ఎరిక్ రోమేర్ కూర్పుబల్ల దగ్గరికి వచ్చినది. 1969 నాటి 'మోద్ ఇంట నా రాత్రి' మొదలుకొని 1984 నాటి 'పారిస్‌లో పున్నమి రాత్రులు' వరకు పదిహేనేండ్లు అతని చిత్రాలలో అత్యధికము ఆమె చేతిమీదుగా నడచినవి. ఇది వింతైన మలుపు. గొదార్, రోమేర్ ఒకే పత్రికలో వ్రాసినవారు గాని కూర్పు విషయమున ఇద్దరూ రెండు మతాలవారు. ఆ పత్రికకు గురువు ఆంద్రే బజాన్. కూర్పు సత్యమును మాయచేస్తుందని, ఒకచోట ఒక సమయాన జరిగినదానిని ముక్కలు చేయకుండ చూపవలెనని బజాన్ బోధించినాడు. 1958లో అతడు మరణించినాడు. ఆ బోధకు నిలువెత్తు శిష్యుడు రోమేర్. ధిక్కరించిన శిష్యుడు గొదార్. ఇరువురికిని ఒకే చేయి పనిచేసినది.

రోమేర్ చిత్రాలలో కూర్పే లేదని కొందరంటారు. అతడు తక్కువ ఫిల్ముతో తీసేవాడు. ఒకసారి తీసినదానిని మరల మరల తీసేవాడు కాడు. పారవేయుటకు ఎక్కువ లేనపుడు కూర్పరికి పని ఏమున్నదని వారి ప్రశ్న. ఇది పద్యములో కష్టపదాలు లేవు గనుక కవికి శ్రమ లేదనుటవంటిది. ఇద్దరు మాటలాడుకొనేటపుడు ఎదురయ్యే ప్రశ్న ఎప్పుడూ ఒక్కటే: మాటలాడేవారిని చూపవలెనా, వినేవారిని చూపవలెనా? ఎక్కడినుండి ఎక్కడివరకు? సాధారణ చిత్రాలలో బంతి ఎక్కడికి పోతే కెమెరా అక్కడికి పోతుంది. 'మోద్ ఇంట నా రాత్రి'లో అట్లు జరుగదు. క్లెర్మోన్ ఫెరాన్ పట్టణము, చలికాలము, బయట మంచు. పాస్కల్ పుట్టిన ఊరు గనుక పాస్కల్ పందెమును గూర్చి వాదము. కథానాయకుడు భక్తుడైన ఇంజనీరు, మోద్ నాస్తికురాలైన వైద్యురాలు. ఆమె పానుపుమీద దుప్పటి కప్పుకొని, అతడు గది అంతా తిరుగుతూ, రాత్రి గడుస్తుంది. మోద్ తన ప్రియుడు కారు ప్రమాదములో చనిపోయిన సంగతి చెప్పేటపుడు చూపు చాలసేపు ఆమెను విడువదు. అతడు ఎట్లు వింటున్నాడో మనకు తెలియనీయరు. తెలియనీయకపోవుట వలన అతని నీతినియమాలు ఎంత గట్టివో అని మనకు సందేహము పుడుతుంది. చూపనిదానితో చెప్పుటను మన ఆలంకారికులు ధ్వని అన్నారు. దానికి ఇంతకంటె తేట ఉదాహరణము తెరమీద నేను చూడలేదు. ఆ నిలుపును ఎక్కడ వదలవలెననునది కూర్పుబల్ల మీదనే తేలినది.

'క్లేర్ మోకాలు' (1970) ఇంకొక విధము. ఆన్సీ సరస్సు ఒడ్డున వేసవి సెలవులు. రోజు మారినపుడెల్ల చేతివ్రాతతో తేదీ తెరమీద పడుతుంది. దినచర్య పుటలు త్రిప్పినట్లుంటుంది. పెండ్లికి సిద్ధముగా ఉన్న నడివయసువాడు ఒక అమ్మాయి మోకాలు తాకవలెనని కోరుకొంటాడు. వాన కురుస్తున్న ఒక సాయంకాలము, ఆ అమ్మాయి ఏడుస్తుండగా, తాకుతాడు. తరువాత ఆ సంగతిని రచయిత్రి అయిన తన స్నేహితురాలితో చెప్పుకొంటాడు. మనము చూచినదియు అతడు చెప్పేదియు ఒకటి కావు. కథలు వ్రాసేవారు ఈ చిత్రమును ఒకటికి రెండుసార్లు చూడవలెను. చెప్పేవానిని నమ్మరాదనే పాఠము ఇందులో వ్యాఖ్యానము లేకుండ ఉన్నది. వాన ఘట్టములో ఒక్క కోత తొందరపడియున్నా అది చౌకబారు శృంగారమయ్యేది. తొందరపడలేదు. ఐనను ఆ పురుషుని ఆత్మవంచనపట్ల చిత్రము మరీ మర్యాదగా ఉన్నదని నాకొక అసంతృప్తి ఉన్నది. ఆ తప్పు కూర్పుది కాదు.

నాకు అన్నింటికంటె ఇష్టమైనది 'పెర్సెవాల్' (1978). క్రెతియాఁ ద త్రువా అనే పన్నెండవ శతాబ్ది కవి ఎనిమిదేసి అక్షరాల ప్రాసపాదాలలో వ్రాసి ముగించలేకపోయిన కావ్యమది. రోమేర్ తానే దానిని ఈనాటి ఫ్రెంచిలోకి పద్యముగా మార్చినాడు. చెట్లు, కోటలు రంగస్థలము మీది బొమ్మలవలె స్టూడియోలో కట్టినవి. పాడేవారు ఒక ప్రక్క నిలిచి కథ నడుపుతారు. పాత్రలు తమను గూర్చి తామే ప్రథమ పురుషలో చెప్పుకొంటాయి: 'అతడిట్లనెను' అని తానే అని తాను పలుకుతాడు. తోలుబొమ్మలాట, వీథినాటకము చూచిన తెలుగువారికి ఇందులో వింత లేదు. పారిస్ ప్రేక్షకులకు చాల వింతగా తోచినది. ఈ చిత్రములో కూర్పరి ఎదుర్కొన్న సమస్య 'ఊపిరాడక' సమస్యకు తలక్రిందు. అక్కడ మాట లేదు, బొమ్మ ఉన్నది. మాటను తరువాత తెచ్చినారు. ఇక్కడ మాట ఎనిమిది వందల ఏండ్లనాటిది, కొలిచి పెట్టినది, దానిని తెంపరాదు. బొమ్మ దానికి లోబడవలెను. ప్రాసపాదము ముగిసినచోటనెల్ల కోస్తే నగారా మ్రోతవలె విసుగు పుడుతుంది. పాదము నడుమ కోస్తే పద్యము చెడుతుంది. దెక్యూజీ ఈ రెంటికీ దారి విడిచి, వాక్యము ఊపిరి తీసుకొన్నచోట కోసినది. అది ఒకప్పుడు పాదాంతము, ఒకప్పుడు కాదు. నేను పైన కారు ఘట్టమును గూర్చి పద్యపు పోలిక తెచ్చినపుడు ఈ చిత్రమే నా మనసులో ఉన్నది. చిత్రము ఆర్థికముగా నిలువలేదు. అందులో పాటల భాగము కొంత సాగదీతగా ఉన్నమాట నిజమే.

ఆ తరువాతి చిత్రాలు - 'వైమానికుని భార్య' (1981), 'చక్కని పెండ్లి' (1982), 'సముద్రతీరాన పోలీన్' (1983) - తేలికపాటివి. ఇందులో పిల్లలు ప్రేమించుకొంటారు, అబద్ధాలాడుతారు, రైళ్లెక్కుతారు. కూర్పు ఎక్కడా కనబడదు. కనబడకుండుటయే ఇక్కడ పనితనము.

ఇట్లు ఒకే మనిషి, కోత కంటికి కొట్టవలసిన చిత్రమును, కోత కంటబడరాని చిత్రాలను కూర్చినది. దర్శకులకు శైలి అనే దానిని మనమిస్తాము; కూర్పరులకు ఇవ్వము. ఇద్దరు దర్శకులకు రెండు విధాలుగా పనిచేసినవారికి తమ శైలి ఏమున్నది అంటాము. పద్యము, వచనము రెండూ వ్రాసిన కవిని ఎవరూ అట్లు అడుగరు. దెక్యూజీ చేతిగుర్తు ఏదని నన్నడిగితే నేను చూపగలిగినది ఒకటున్నది. చిత్రమేదైనా, వినేవారి ముఖము చూపుటకు ఆమె తొందరపడదు. మాటలాడే గొంతు ఒకచోట, చూపు ఒకచోట ఉండుటకు ఆమె భయపడదు. ఇది గొదార్ చిత్రములో ఉన్నది, రోమేర్ చిత్రాలలో ఉన్నది. ఇది దర్శకుల ఇష్టమే కావచ్చును; ఐనా వేరు వేరు మతాల ఇద్దరు దర్శకులలో ఒకే అలవాటు కనబడినపుడు నడుమనున్న చేతిని అనుమానించుట న్యాయము.

'ఊపిరాడక' ముగింపు జ్ఞాపకమున్నవారికి తెలుసును. వీధిలో నాయకుడు చచ్చిపోతూ ఒక మాట అంటాడు. ఆ మాట ఏమిటని యువతి అడుగుతుంది, ప్రక్కవారు చెబుతారు, ఆమెకు అర్థము కాదు. బొటనవ్రేలితో పెదవులు రాసుకొని మనవైపు చూస్తుంది. తరువాత వెనుకకు తిరుగుతుంది. తెరమీద మిగిలినది పొట్టి జుట్టు, మెడ. కారులో నాణెము ఎటు పడిందో, ఆ మెడయే.